కుర్సురా సబ్‌మెరైన్ మ్యూజియం, విశాఖపట్నం: అక్కడి గైడ్ల గురించి ఓ మాజీ సైనికుడి మాట

విశాఖ ఆర్కే బీచ్‌లో నిలబెట్టిన కుర్సురా సబ్‌మెరైన్‌ని ఈమధ్య మళ్లీ చూసొచ్చాను. అది ఎంత పొడవు, టికెట్ ఎంత అన్నవి ఎవర్ని అడిగినా చెబుతారు. నేను రాయదలుచుకున్నది లోపల గైడ్లుగా నిలబడే మనుషుల గురించి. వాళ్లు నేవీలో పనిచేసి రిటైరైనవాళ్లు. అలాంటి ఇరుకు ఇనుప గొట్టంలో నెలలకు నెలలు బతికి వచ్చినవాళ్లు. ఈ మ్యూజియానికి మార్కులు వేయమంటే సగానికి పైగా వాళ్లకే వేస్తాను.

ఇంతగా ఎందుకు పట్టించుకున్నానంటే, మాది తాడేపల్లిగూడెం వైపు. మిలటరీ మాధవరం పేరు వినే ఉంటారు, మా ఊరికి దగ్గరే. మా వైపు ఇంటికొకరు మిలటరీలో ఉండడం వింతేమీ కాదు. నేను ఆర్టిలరీలో, అంటే ఫిరంగుల దళంలో చేశాను. 1999 కార్గిల్ యుద్ధంలో ద్రాస్‌లో బోఫోర్స్ గన్ మీద ఉన్నాను. హవల్దారుగా రిటైరై ఇంటికొచ్చాక చుట్టుపక్కల హైస్కూళ్ల వాళ్లు కార్గిల్ విజయ దినం జూలై 26కి, జనవరి 26కి పిలవడం మొదలుపెట్టారు. "పిల్లలకి నాలుగు మాటలు చెప్పండి సార్" అంటారు.

ఆ నాలుగు మాటలు చెప్పడం చాలా కష్టం. మైకు ఇచ్చేముందు "టైగర్ హిల్ వీరుడు" అని పరిచయం చేస్తారు. ఆ యుద్ధంలో మనవాళ్లు తిరిగి పట్టుకున్న కొండ అది. నేను లేచి, "టైగర్ హిల్ ఎక్కింది నేను కాదు బాబూ, 18 గ్రెనేడియర్స్ బెటాలియన్ వాళ్లు, వాళ్లతోపాటు 8 సిఖ్ బెటాలియన్ వాళ్లు. నేను కింద గన్ దగ్గర ఉన్నాను" అని సరిచేస్తాను. నిర్వాహకుల ముఖాలు చిన్నబోతాయి. ఒక స్కూల్లో అయితే ఒక పెద్దమనిషి పక్కకి పిలిచి, "కొంచెం వేడిగా చెప్పండి, పిల్లలు చప్పట్లు కొట్టేలా ఉండాలి" అన్నాడు. పిల్లలు అడిగే మొదటి ప్రశ్న ఎప్పుడూ ఒకటే. "మీరు ఎంతమందిని చంపారు?" గన్ మీద ఉన్నవాడికి తన షెల్ ఎక్కడ పడిందో కంటికి కనపడదు. ఓపీలో, అంటే షెల్ ఎక్కడ పడిందో ముందు నుంచి గమనించే చోట ఉన్న ఆఫీసర్ వైర్‌లెస్‌లో చెబితేనే తెలుస్తుంది. పదమూడేళ్ల పిల్లవాడికి ఇది ఎలా చెప్పాలి?

అందుకే ఇలాంటి పనిని రోజూ చేసేవాళ్లు ఎలా చేస్తున్నారో చూడాలని నాకు ఎప్పుడూ ఉంటుంది. మా ఊరి హైస్కూలు పిల్లల్ని విశాఖ విహారయాత్రకు తీసుకెళ్తున్నామని సోషల్ మేడమ్‌గారు చెప్పి, తోడు రమ్మంటే వెంటనే సరే అన్నాను.

ముందు సబ్‌మెరైన్ సంగతి కొంచెం చెబుతాను. కుర్సురా 1969 డిసెంబర్ 18న అప్పటి సోవియట్ యూనియన్‌లోని రీగాలో మన నేవీలో చేరింది. పొడవు 91 మీటర్ల పైచిలుకు. నీటి మీద డీజిల్‌తో, నీటి కింద బ్యాటరీతో నడిచే రకం. 31 ఏళ్లు పనిచేసి, 73,500 నాటికల్ మైళ్లు తిరిగి 2001 ఫిబ్రవరి 27న సెలవు తీసుకుంది. దాన్ని సముద్రంలోంచి ఒడ్డుకు లాగి, ఇసుక మీద దిమ్మెలు కట్టి నిలబెట్టడానికే నెలల తరబడి పట్టింది. 2002 ఆగస్టులో మ్యూజియంగా తెరిచారు. ముందు వైపు మెట్లెక్కి లోపలికి దిగితే ఏడు కంపార్ట్‌మెంట్లు దాటుకుంటూ వెనక వైపు బయటికి వస్తాం.

మా బ్యాచ్‌కి వచ్చిన గైడ్‌గారికి అరవై దాటి ఉంటాయి. తెల్ల చొక్కా, నెరిసిన జుట్టు, తక్కువ గొంతు. ముందున్న టార్పెడో గదిలో (నీటి కింద ఓడల మీదికి వదిలే ఆయుధం టార్పెడో) పిల్లల్ని గుండ్రంగా నిలబెట్టి ఆయన మొదట చెప్పిన మాట ఇది: "ఇక్కడ నేను చెప్పేవి రెండు రకాలు. కొన్ని నేను చేసినవి. కొన్ని మా సీనియర్లు చెప్పగా విన్నవి. ఏది ఏదో చెప్పి మరీ చెబుతాను."

నాకు అక్కడే ప్రాణం లేచొచ్చింది. ఇన్నేళ్లలో ఎంతోమంది మాజీ సైనికుల ఉపన్యాసాలు విన్నాను. ఈ ఒక్క వాక్యంతో మొదలుపెట్టినవాళ్లు ఒక్కరూ లేరు. యుద్ధం గురించి మాట్లాడేటప్పుడు చూసిందీ విన్నదీ కలిసిపోవడం ఎంత తేలికో మాకు తెలుసు. ఏళ్లు గడిచేకొద్దీ పక్క బెటాలియన్ కథ మన కథ అయిపోతుంది. వినేవాళ్లకి తేడా తెలియదు కాబట్టి అడ్డు చెప్పేవాళ్లూ ఉండరు.

టార్పెడో గదిలో వాటిని వదిలే గొట్టాలు ఆరు ఉంటాయి, వెనక గదిలో నాలుగు. మొత్తం 22 టార్పెడోలు మోసుకెళ్లేది. పిల్లలంతా టార్పెడో ఎంత దూరం వెళ్తుంది, ఎంత పేలుతుంది అని అడుగుతుంటే ఆయన పక్కనున్న బంకుల వైపు చూపించారు. అక్కడ మనుషులు పడుకునేవారు. పక్కనే టార్పెడోలు. "నిద్ర ఎలా పట్టేది అంకుల్?" అని ఒక అమ్మాయి అడిగింది. "అలిసిపోతే ఎక్కడైనా పడుతుంది తల్లీ. పడక నీ ఒక్కదానిదే అనుకోకు. నువ్వు డ్యూటీకి లేస్తే ఇంకొకరు వచ్చి అదే పడక మీద వాలతారు. ఇంకా వెచ్చగానే ఉంటుంది." ఇది ఆయన చేసింది. గొంతులోనే తెలిసిపోయింది.

ఆ సబ్‌మెరైన్‌లో 75 మంది వరకు ఉండేవారు. మంచినీళ్లు కొలిచి వాడాలి. స్నానం మాట మర్చిపోవాలి. అందరి ఒంటికీ ఒకటే డీజిల్ వాసన. ఇంటికొచ్చి తలుపు కొడితే ముందు వాసన లోపలికి వెళ్తుందని, ఉతికినా ఆ బట్టల్లో అది పోదని చెప్పారు. ఇలాంటివి బోర్డు మీద రాసిపెట్టరు, రాసినా ఎవరూ నిలబడి చదవరు. మనిషి చెబితే పిల్లలు ముక్కు మూసుకుని నవ్వి, ఇంటికెళ్లాక కూడా గుర్తుపెట్టుకుంటారు.

కంట్రోల్ రూమ్‌లో కొంచెం ఎక్కువసేపే ఆపారు. గోడ నిండా వాల్వులు, మీటర్లు, చక్రాలు. సబ్‌మెరైన్ ఎలా మునుగుతుందో నాకు కూడా అక్కడే సరిగ్గా అర్థమైంది. బయటి గోడకీ లోపలి గోడకీ మధ్య ట్యాంకులు ఉంటాయి. వాటిలో గాలి ఉన్నంతసేపు తేలుతుంది. గాలి వదిలి నీళ్లు రానిస్తే మునుగుతుంది. పైకి రావాలంటే సీసాల్లో బిగించి దాచిన గాలిని ఆ ట్యాంకుల్లోకి కొట్టి నీళ్లు బయటికి తోయాలి. "పైకి తేవడానికి దాచిన ఆ గాలే మన ప్రాణం" అన్నారు. 200 మీటర్ల లోతులో ప్రతి చదరపు సెంటీమీటరు మీద దాదాపు 20 కిలోల బరువు పడుతుందట. ఈ గోడ నుంచి ఆ గోడకి బిగించి ఒక దారం కడితే, లోతుకు దిగేకొద్దీ అది వదులై వేలాడుతుంది, ఎందుకంటే గోడలు లోపలికి నొక్కుకుంటాయి. కొత్తగా వచ్చిన కుర్రాళ్లకి సీనియర్లు అది కట్టి చూపించేవారట. మా పిల్లల్లో ఒకడు వెంటనే గోడ మీద చెయ్యి వేసి చూశాడు.

పెరిస్కోప్ దగ్గర మామూలే, తోపులాట. దాని గురించి రాయడానికేమీ లేదు.

ఇంజిన్ గదికి వచ్చేసరికి ఆయన నడక మారింది. అది ఆయన పనిచేసిన చోటు. చెయ్యి తనంతట తానే ఒక వాల్వ్ మీదికి వెళ్లింది. మూడు డీజిల్ ఇంజిన్లు, మధ్యలో ఒక మనిషి పట్టేంత దారి. నీటి కింద ఇంజిన్ నడవదు, గాలి కావాలి. అందుకని రాత్రిళ్లు నీటి పైపైకి వచ్చి ఒక గొట్టం మాత్రం బయటపెట్టి గాలి పీల్చుకుంటూ బ్యాటరీలు చార్జ్ చేస్తారు. నేవీవాళ్లు దాన్ని స్నార్టింగ్ అంటారు. పైన అల వచ్చి గొట్టం మూత పడిందంటే, నడుస్తున్న ఇంజిన్ సబ్‌మెరైన్ లోపలి గాలినే లాగేసుకుంటుంది. చెవులు పగిలిపోతాయా అన్నంత నొప్పి. అదయ్యాక మళ్లీ మూత తెరుచుకుంటుంది, మళ్లీ పడుతుంది. రాత్రంతా అదే. ఇదంతా ఆయన తన రెండు చెవుల మీద చేతులు పెట్టి చూపించారు. నాకు గన్ శబ్దంతో ఎడమ చెవి సగం పోయింది. ఆయన ఇంజిన్ చప్పుడుతో ఇంచుమించు అలాగే ఉన్నారు. పిల్లలు వెనక నుంచి ఏదైనా అడిగితే మేమిద్దరం ఒకేసారి "ఆఁ?" అని అటు తిరుగుతున్నాం.

ఆ గదిలోనే ఒక తొమ్మిదో తరగతి కుర్రాడు, "మంటలొస్తే ఏం చేస్తారు?" అని అడిగాడు. ఆయన గుండ్రటి తలుపు చూపించారు. "ఇది మూసేస్తాం. మంట ఉన్న గది అటు, మిగతా గదులు ఇటు." "లోపల మనిషి ఉంటే?" ఆయన వెంటనే జవాబు చెప్పలేదు. తర్వాత, "ఉన్నవాళ్లు ఆర్పడానికి చూస్తారు. తలుపు మాత్రం మూసేస్తాం. ఆ సంగతి లోపలున్నవాడికీ తెలుసు, బయటున్నవాడికీ తెలుసు. తెలిసే ఈ ఉద్యోగంలో చేరతాం" అన్నారు. 2013 ఆగస్టు 14న ముంబయిలో సింధురక్షక్ పేలిపోయి 18 మంది పోయిన సంగతి చెప్పారు. వాళ్లలో విశాఖ పిల్లలూ ఉన్నారని చెప్పారు. యుద్ధం లేని రోజున, హార్బర్‌లో కట్టేసి ఉండగా జరిగింది అది.

ఎంత చెప్పాలి, ఎక్కడ ఆపాలి అన్నది మా లాంటివాళ్లకి ఎప్పుడూ ఉండే ప్రశ్న. పిల్లల్ని భయపెట్టకూడదు, అలాగని పంచదార పూసి అబద్ధం చెప్పకూడదు. ఆయన కాలిన శరీరాల గురించి మాట్లాడలేదు. తలుపు గురించి మాట్లాడారు. దాంతోనే వాళ్లకి మొత్తం అర్థమైంది. నేను ఇది నేర్చుకుని వచ్చాను. ఈసారి స్కూల్లో మాట్లాడేటప్పుడు రక్తం మాట ఎత్తకుండా, నలభై కిలోలు దాటిన షెల్‌ని పదివేల అడుగుల పైన గాలి చాలని చోట మోస్తుంటే ఊపిరి ఎలా అందదో చెప్పాలనుకుంటున్నాను.

ఇక 1971 యుద్ధం. అందరూ ఎదురుచూసేది దీని కోసమే. ఒక అబ్బాయి ఉండబట్టలేక అడిగేశాడు. "ఈ సబ్‌మెరైన్ ఎన్ని పాకిస్తాన్ ఓడల్ని ముంచింది?"

"ఒక్కటి కూడా ముంచలేదు" అన్నారు గైడ్‌గారు.

పిల్లల ముఖాలు చూడాలి. అంత దూరం నుంచి వచ్చి ఇదా వినేది అన్నట్టు ఉన్నాయి. ఆయన మాత్రం తొణకలేదు. "ఇది నేను చూసింది కాదు. 71లో నేను బడికెళ్తున్నాను. మా సీనియర్లు చెప్పింది, పుస్తకాల్లో ఉన్నది చెబుతాను" అని మొదలుపెట్టారు. 1971 నవంబర్ 13న కుర్సురా అరేబియా సముద్రంలో గస్తీకి బయలుదేరింది. 18కి తనకిచ్చిన చోటికి చేరింది. అప్పటికి యుద్ధం మొదలవ్వలేదు. సబ్‌మెరైన్‌కి రెండు కట్టుబాట్లు పెట్టారు. ఒకటి, గీసిన గీతలు దాటకూడదు. రెండు, ఎదురుగా ఉన్నది శత్రువు ఓడేనని కచ్చితంగా గుర్తుపట్టకుండా కొట్టకూడదు. ఆ నీళ్లలో ఎన్నో దేశాల వ్యాపార ఓడలు తిరుగుతుంటాయి. చీకట్లో, పెరిస్కోప్‌లోంచి, ఏది ఎవరిదో తేల్చుకోవాలి. టార్పెడోలు నింపుకుని, వేలు బటన్ దగ్గర పెట్టుకుని, కొట్టకుండా రోజుల తరబడి వేచి చూడాలి. నవంబర్ 30న తన జోడీ సబ్‌మెరైన్ కరంజ్‌ని కలిసి తను చూసిందంతా అప్పజెప్పి, డిసెంబర్ 4న బొంబాయి చేరింది. అప్పటికి యుద్ధం మొదలై ఒక్క రోజే అయింది.

"మరి వాళ్లు చేసిందేంటి అంకుల్?"

"చెప్పిన చోట చెప్పినట్టు ఉన్నారు. కొట్టొద్దన్నంతసేపు కొట్టకుండా ఉన్నారు. అదే వాళ్ల డ్యూటీ."

ఈ మాట వినగానే నాకు ద్రాస్ గుర్తొచ్చింది. 1999లో మాకూ ఒక గీత ఉంది. నియంత్రణ రేఖ దాటకూడదని పై నుంచి ఆర్డరు. సైన్యానికే కాదు, విమానాలకి కూడా అదే. కొండ మీద శత్రువు కూర్చుని కింద హైవే మీద వెళ్లే మన బళ్లని చూసి కొడుతుంటే, వాడికి సామాన్లు వచ్చే దారి గీతకి అవతల ఉంటే, ఆ గీత దాటకుండా ఎదురుగా కొండ ఎక్కి మరీ వాణ్ని దింపాల్సి వచ్చింది. తోలోలింగ్ కొండని రాత్రిపూట ప్రాణాలకు తెగించి ఎక్కి జూన్ 13కి చేజిక్కించుకున్నారు. టైగర్ హిల్ జూలై 4న. మొత్తం 527 మంది మనవాళ్లు పోయారు. ఆ గీత దాటి ఉంటే తక్కువమంది పోయేవారా, ఇంకా పెద్ద యుద్ధమై ఎక్కువమంది పోయేవారా అన్నది నా లాంటి హవల్దారు తేల్చేది కాదు. కానీ చేతిలో గన్ ఉండి కూడా ఆర్డరు కోసం ఆగడం ఎంత భారమో మాకు తెలుసు. ఈ సంగతి పిల్లలకి చెప్పే మాటలు నాకు ఇన్నేళ్లూ దొరకలేదు. ఒక్క ఓడనూ ముంచని సబ్‌మెరైన్ ముందు నిలబడి ఆయన దాన్ని చెప్పేశారు.

ఘాజీ గురించి కూడా అడుగుతారు కదా. పాకిస్తాన్ సబ్‌మెరైన్ ఘాజీ మన విమానవాహక నౌక విక్రాంత్‌ని వెతుక్కుంటూ వచ్చి, 1971 డిసెంబర్ 3, 4 మధ్య రాత్రి ఈ విశాఖ తీరంలోనే మునిగిపోయింది. 93 మంది పోయారు. విక్రాంత్‌ని అప్పటికే అండమాన్ వైపు పంపించేశారు. మన యుద్ధనౌక ఐఎన్‌ఎస్ రాజ్‌పుత్ వేసిన డెప్త్ చార్జీల (నీటి లోతుల్లో పేలే బాంబులు) వల్లే ఘాజీ మునిగిందని మన నేవీ మాట. తాము సముద్రంలో పరుస్తున్న మైన్లే (ఓడలకి పెట్టే బాంబులు) పేలాయని పాకిస్తాన్ మాట. గైడ్‌గారు రెండూ చెప్పారు. ఎవరిది నిజమో తేల్చమని ఒకడు పట్టుబట్టాడు. "మన నేవీ మాటే నా మాట. అయితే వాళ్లేమంటారో కూడా నీకు తెలియాలి" అన్నారు.

అక్కడితో ఆపలేదు ఆయన. అదే డిసెంబర్ 9న దీవ్ దగ్గర మన ఖుక్రీ ఓడని పాకిస్తాన్ సబ్‌మెరైన్ హాంగోర్ ముంచేసిందని, 18 మంది ఆఫీసర్లు, 176 మంది సెయిలర్లు పోయారని, కెప్టెన్ మహేంద్రనాథ్ ముల్లా తన లైఫ్ జాకెట్ వేరేవాళ్లకి ఇచ్చేసి ఓడతోనే ఉండిపోయారని చెప్పారు. ఘాజీ అనగానే విజిల్ వేసిన కుర్రాళ్లు ఖుక్రీ అనేసరికి నిశ్శబ్దమైపోయారు. గెలిచిన కథ, పోగొట్టుకున్న కథ ఒకదాని వెనక ఒకటి చెప్పడం ఆయన కావాలనే చేశారని నాకు అర్థమైంది. ఘాజీ శిథిలాలు ఇప్పటికీ అక్కడే అడుగున ఉన్నాయనీ, నేవీవాళ్లు వాటిని పైకి తీయలేదనీ కూడా చెప్పారు. "అది వాళ్ల సమాధి. ఎవరి సబ్‌మెరైనైనా సరే, అందులోని వాడు మాలాంటివాడే." శత్రువు గురించి ఇలా మాట్లాడాలంటే ఆ పని చేసి ఉండాలి. ఇంట్లో కూర్చుని టీవీ చూసేవాడి నోట ఈ మాట రాదు.

టూర్ అయ్యాక పిల్లలు ఐస్‌క్రీమ్ బండి వైపు పరుగెడితే నేను ఆయన దగ్గరే ఆగాను. నా నడక చూసే కనిపెట్టారు. "ఏ ఆర్మ్ సాబ్?" అన్నారు. "ఆర్టిలరీ" అన్నాను. "గోల్కొండా, నాసిక్కా?" అన్నారు, మా ట్రైనింగ్ సెంటర్లు ఆ రెండు చోట్ల ఉన్నాయి. "గోల్కొండ." ఇద్దరం నవ్వుకున్నాం. ఆయన ట్రైనింగ్ ఇక్కడే విశాఖలో, నేవీవాళ్ల సబ్‌మెరైన్ స్కూలు ఐఎన్‌ఎస్ శాతవాహనలో. 99లో మీరెక్కడ అని అడిగితే, "మీరు కొండ మీద ఉన్నప్పుడు మేమూ ఊరికే లేము సాబ్. ఎక్కడున్నామో మాత్రం చెప్పను" అన్నారు. అప్పుడు నేవీ ఆపరేషన్ తల్వార్ పేరుతో ఓడల్ని అరేబియా సముద్రంలో మోహరించిన సంగతి తెలిసిందే. అయినా తన సబ్‌మెరైన్ ఎక్కడుందో ఇన్నేళ్ల తర్వాత కూడా చెప్పలేదు. నేను రెట్టించలేదు.

రోజూ ఇన్ని బ్యాచ్‌లకి ఇదే కథ చెబుతుంటే విసుగు రాదా అని అడిగాను. "ఇది కథలా చెబితే విసుగే. నేను వాచ్ అప్పజెబుతున్నా అనుకుంటాను" అన్నారు. డ్యూటీ దిగేవాడు ఎక్కేవాడికి ఏది ఎలా ఉందో ఒక్కటీ దాచకుండా చెప్పి దిగడం అన్నమాట. మాకు గన్ పొజిషన్‌లోనూ అదే పద్ధతి.

ఇతర చోట్ల ఇలా ఉండదు. వేరే రాష్ట్రంలో ఒక యుద్ధ ప్రదర్శనశాలకి వెళ్లాను, పేరెందుకులెండి. ట్యాంకులు, గన్లు అన్నీ కొత్త రంగుతో మెరుస్తున్నాయి. చెప్పే మనిషి లేడు. నేను వాడిన రకం గన్ మీద కుర్రాళ్లు ఎక్కి ఫొటోలు దిగుతున్నారు. దాని బ్రీచ్ (షెల్ పెట్టే వైపు) ఎటు, మజిల్ (షెల్ బయటికొచ్చే మూతి) ఎటు అని కూడా వాళ్లకి తెలియదు. వాళ్ల తప్పు కాదు, చెప్పేవాడు లేడు. ఇక్కడ కుర్సురాలో కూడా ఆ రిటైరైన సెయిలర్లు లేకపోతే మిగిలేది గొట్టాలు, మీటర్లే. ఎదురుగా రోడ్డు దాటితే టీయూ-142 విమానం మ్యూజియం కూడా ఉంది. 29 ఏళ్లు సముద్రం మీద గస్తీ తిరిగిన విమానం అది. సబ్‌మెరైన్లని వెతికే విమానం ఇది, దాక్కునే సబ్‌మెరైన్ అది అని పిల్లలకి చెప్పి రెండూ చూపిస్తే బాగా అర్థమవుతుంది.

నాకు ఒక్క కోరిక ఉంది. 1971లో ఇరవై ఏళ్లున్నవాళ్లకి ఇప్పుడు డెబ్బై దాటిపోయాయి. మా ఊళ్లో ఆ యుద్ధానికి వెళ్లొచ్చిన పెద్దాయన ఒకరు ఉండేవారు. బంగ్లాదేశ్ వైపు చేశారు. ఆయన అరుగు మీద కూర్చుని చెప్పేవి మేమంతా విన్నాం, ఎవరమూ రాసిపెట్టలేదు. ఆయన పోయారు, ఆ మాటలూ పోయాయి. కుర్సురాలో పనిచేసిన మొదటి తరం వాళ్లవి, ఆ సోవియట్ చలిలో రష్యన్ నేర్చుకుని ఈ సబ్‌మెరైన్ నడపడం నేర్చుకున్నవాళ్లవి, వాళ్ల గొంతుల్లోనే రికార్డు చేసి పెడితే ఎంత బాగుంటుంది. మీ ఇంట్లో, మీ వీధిలో అలాంటివాళ్లు ఉంటే ఫోన్ తీసి రికార్డు చేయండి. గొప్ప ప్రశ్నలేమీ అక్కర్లేదు. ఏం తిన్నారు, ఎక్కడ పడుకున్నారు, ఇంటికి ఉత్తరం ఎప్పుడు రాశారు అని అడగండి. ఎంతమందిని చంపారని అడిగితే నోరు మూసుకుంటారు. అన్నం గురించి అడిగితే గంటసేపు చెబుతారు, ఆ గంటలో యుద్ధం తనంతట తానే బయటికొస్తుంది.

వెళ్లేవాళ్లకి కొన్ని సంగతులు. సోమవారం సెలవు. మామూలు రోజుల్లో మధ్యాహ్నం నుంచి తెరుస్తారు, ఆదివారం పొద్దున కూడా ఉంటుంది. వేళలు మారొచ్చు కాబట్టి ముందు కనుక్కుని వెళ్లండి. గది నుంచి గదికి గుండ్రటి తలుపులోంచి ముందు కాలు పెట్టి, తల వంచి దూరాలి. మోకాళ్ల నొప్పులున్నవాళ్లకి, ఆయాసం ఉన్నవాళ్లకి కష్టం. వాళ్లు బయట నుంచి చూసి, పక్కనే ఉన్న విక్టరీ ఎట్ సీ స్మారకం దగ్గర కూర్చోవడం మేలు. చంకలో చంటిపిల్లలుంటే మరీ జాగ్రత్త, ఇనుప అంచులు తలకి తగులుతాయి. ఆదివారం సాయంత్రం బీచ్ జనమంతా అక్కడే ఉంటారు. వెనకవాళ్లు తోస్తుంటే గైడ్ ఎంత మంచివాడైనా ఒక్కో గదిలో నాలుగు మాటలకి మించి చెప్పలేడు. మామూలు రోజు తెరవగానే వెళ్తే తీరిగ్గా వినొచ్చు. ఆయన తెలుగు, హిందీ కలిపి చెబుతారు, పిల్లలుంటే తెలుగులోనే చెప్పమని అడగండి, సంతోషంగా చెబుతారు.

ఇంకొకటి. లోపలికి దిగగానే గైడ్‌గారిని, "మీరు ఏ కంపార్ట్‌మెంట్‌లో డ్యూటీ చేశారండీ?" అని అడగండి. ఆ గదికి వెళ్లాక కొంచెం వెనకబడి, మిగతావాళ్లని ముందుకు పోనివ్వండి.